టియాగోలో ‘ట’ ఎవరిది?

టాటా మోటార్స్ తన కొత్త చిన్న కారుకు ‘జికా’ అని పేరు ఖాయం చేసుకుని ప్రచారం కూడా మొదలుపెట్టాక, 2016 మొదట్లో బ్రెజిల్ నుంచి జికా వైరస్ వార్తలు ముంచుకొచ్చాయి. జబ్బు పేరున్న బండి ఎవరెక్కుతారు? కంపెనీ జనాన్నే అడిగి ఇంకో పేరు తెచ్చుకుంది. అదే ఇవాళ మన వీధుల్లో తిరుగుతున్న టియాగో. బ్రెజిల్ రోగానికి జడిసి వదులుకున్న పేరు చోట, బ్రెజిల్ తల్లిదండ్రులు మురిపెంగా పెట్టుకునే మగపిల్లాడి పేరు వచ్చి కూర్చోవడం తమాషాయే. అంతకన్నా పెద్ద తమాషా ఆ పేరు మొదటి అక్షరంలో ఉంది. టియాగోలో ‘ట’ టియాగోది కాదు. అసలు పేరు ఇయాగో. దానికి ముందు ‘పునీతుడు’ అనే అర్థమున్న ‘శాంట్’ చేరి శాంటియాగో అయింది. కలిసిన మాటను మళ్లీ విడదీసేటప్పుడు కత్తెర ఒక అక్షరం ముందుగా పడి ‘శాన్’, ‘టియాగో’ అని రెండు ముక్కలయ్యాయి. పరమేశ్వరుణ్ణి ‘పర’, ‘మేశ్వరుడు’ అని విడదీసి, ఆనక పిల్లాడికి మేశ్వర్ అని బారసాల చేసినట్టన్నమాట.

పిల్లల పేర్ల పుస్తకాల్లో ఈ పేరుకు ‘మడమ పట్టుకున్నవాడు’ అని అర్థం రాసి ఉంటుంది. అది యాకోబు సంగతి. ఆదికాండంలో కవలల్లో రెండోవాడు అన్న ఏశావు మడమ పట్టుకుని పుట్టాడు, హీబ్రూలో మడమను తలపించే పేరు పొందాడు. ఆ పేరు గ్రీకు మీదుగా లాటిన్‌లో ‘ఇయాకోబుస్’ అయింది. స్పెయిన్, పోర్చుగల్ నోళ్లలో ‘క’ మెత్తబడి ‘గ’ అయింది, ‘బ’ అరిగి మాయమైంది, ఇయాగో మిగిలింది. వంశవృక్షంగా ఇదంతా నిజమే. కానీ వంశవృక్షం అర్థం కాదు. మన తెలుగు బైబిల్లో పాత నిబంధన గోత్రకర్త యాకోబే, కొత్త నిబంధనలో అపొస్తలుడైన జెబెదయి కొడుకూ యాకోబే. పేరు ఒకటేనని చదివిన ప్రతివారికీ తెలుస్తుంది. పోర్చుగీసు బైబిల్లో మొదటివాడు జకో, రెండోవాడు టియాగో. ఇద్దరికీ చుట్టరికం ఉందని చెబితే తప్ప తెలీదు. పేరు పెట్టే తల్లి చెవికి మడమ వినబడనప్పుడు దాని అర్థం మడమ అనడం మొండితనం. ఈ పేరుకు నిజంగా అర్థమంటూ ఉంటే అది హీబ్రూ ధాతువులో లేదు, దారితప్పి వచ్చి చేరిన ఆ ‘ట’లోనే ఉంది.

ఆ ‘ట’ ఎలా అతుక్కుందో తెలియాలంటే స్పెయిన్ వాయవ్య మూలనున్న గలీసియాకు వెళ్లాలి. తొమ్మిదో శతాబ్దంలో పెలాయో అనే సన్యాసికి అడవిలో వింత వెలుగులు కనిపించాయనీ, బిషప్ వచ్చి అక్కడున్నది అపొస్తలుడైన యాకోబు సమాధేనని తేల్చాడనీ, రాజు రెండో అల్ఫొన్సో గుడి కట్టించాడనీ కథ. ఊరి పేరు కొంపొస్తెలా అంటే ‘నక్షత్రాల పొలం’ అని భక్తులు చెప్పుకుంటారు; సమాధుల చోటు అనే అర్థమున్న లాటిన్ మాట నుంచి వచ్చిందని కొందరు పండితులంటారు. తప్పుగా విరిచిన పేరున్న పునీతుడికి ఇలాంటి ఊరే దొరికింది! 997లో ముస్లింల ఏలుబడిలోని కోర్దోబా సేనాని అల్మన్సూర్ ఈ ఊరిని కొల్లగొట్టి గుడి గంటలను క్రైస్తవ ఖైదీల భుజాల మీద మోయించుకుపోయాడనీ, 1236లో కోర్దోబాను గెలిచిన మూడో ఫెర్నాండో అవే గంటలను ముస్లిం ఖైదీల భుజాల మీద వెనక్కి పంపాడనీ పాత చరిత్రలు చెబుతాయి. నూటికో కోటికో ఒకడు చదవగలిగిన ఆ కాలంలో ఈ పేరు కాగితం మీద బతకలేదు. ఆల్చిప్ప గుర్తు తగిలించుకుని నెలల తరబడి నడిచే యాత్రికుల నోట, యుద్ధంలో గుర్రాలు దూకించే రౌతుల గొంతులో బతికింది. కేకలో మాటకూ మాటకూ మధ్య ఖాళీ ఉండదు. దీనికి మంచి సాక్ష్యం స్పానిష్ వీరగాథ ‘సిద్ కావ్యం’లోనే ఉంది. అందులో యోధులు పిలిచే పేరు ‘శాంతి యాగ్వే’. అది లాటిన్ సంబోధన రూపం నుంచి దిగినది. అంటే జనానికి ఈ పేరు ప్రథమా విభక్తిలో కాదు, పిలుపుగానే అందింది.

ఇదంతా చదువురానివాళ్ల పొరపాటు, దానికింత గౌరవమెందుకు అని అడగవచ్చు. పోర్చుగీసు వ్యాకరణమే జవాబు చెబుతుంది. ఆ భాషలో పునీతుడి పేరు అచ్చుతో మొదలైతే ముందు ‘శాంతు’ వస్తుంది, హల్లుతో మొదలైతే ‘సాఁవ్’ వస్తుంది. అందుకే శాంతు ఆంతోనియు, సాఁవ్ పావ్లు. పొరపాటును పొరపాటుగానే చూసి ఉంటే ‘శాంతు ఇయాగో’ అని దిద్దుకునేవారు. ఎవరూ దిద్దలేదు. ‘ట’ను పేరుకే వదిలేసి ముందున్న మాటనే మార్చుకున్నారు: సాఁవ్ టియాగో. స్పానిష్‌లో ఇంకా విడ్డూరం. పునీతుల ఆరాధనను ఒప్పుకోని ప్రొటెస్టెంట్ల బైబిల్లో కూడా యాకోబు పత్రిక పేరు ‘శాంటియాగో’. ఈ చోరీకి దాయాదులూ ఉన్నారు. నావికులు కొలిచే శాంట్ ఎల్మో ఇలాగే శాన్ టెల్మో అయి, పోర్చుగల్‌లో టెల్మో అనే మగపేరు మిగిల్చాడు. లండన్‌లో సెయింట్ ఓలేవ్ పేరున్న వీధి నలిగి నలిగి టూలీ స్ట్రీట్ అయింది. సెయింట్ ఆడ్రీ తిరునాళ్లలో అమ్మిన పట్టు పట్టీల నుంచి ఇంగ్లీషులో ‘టాడ్రీ’, అంటే చవకబారు, అనే మాట పుట్టింది. మెడలో వేసుకున్న హారాల పాపమే తన గొంతు మీద గడ్డగా లేచిందని చెప్పుకున్న పునీతురాలి పేరు చవకరకం అలంకారానికి మిగలడం విధి వెటకారం.

డియెగో కూడా ఇందులోంచి వచ్చిందేగా అంటారు చాలామంది. ఆ మాట నమ్మాలనే ఉంటుంది, సాక్ష్యం మాత్రం కలిసిరాదు. పాత లాటిన్ పత్రాల్లో ఆ పేరు ‘డిడాకుస్’ అని విడిగా కనిపిస్తుంది. 1588లో పునీతుడిగా ప్రకటించిన ఆల్కలా సన్యాసి, అంటే కాలిఫోర్నియాలో శాన్ డియెగో నగరానికి పేరిచ్చినాయన, లాటిన్‌లో డిడాకుసే. 1488లో ఆఫ్రికా దక్షిణ కొసను చుట్టిన బార్తొలొమేవు డియాష్ ఇంటిపేరుకు అర్థం ‘డియోగు కొడుకు’. డియోగు, టియాగో పోర్చుగల్‌లో పక్కపక్కనే బతికిన రెండు పేర్లు. పోలికలున్నంత మాత్రాన అన్నదమ్ములైపోరు.

ఇక కొత్త రూపం, హెచ్ తగిలించిన థియాగో. అక్షరాల్లోనే తేడా, పలుకులో కాదు. బ్రెజిల్ వాళ్లకు రెండూ ‘చియాగు’. గ్రీకు ‘థ’ ఉన్న మాటల్లో హెచ్ రాయడం పోర్చుగీసులో పాత మర్యాద. 1911 సంస్కరణతో పోర్చుగల్ దాన్ని ఊడ్చేసింది, 1943 నియమాలతో బ్రెజిల్ కూడా వదిలింది. ఇయాకోబుస్‌లో ఏనాడూ ‘థ’ లేదు కనుక ఈ హెచ్‌కు వేరు లేదు, పరువు కోసం పెట్టుకున్న పాతవేషం. పోర్చుగల్ రిజిస్ట్రార్లు ఇప్పటికీ దేశభాష స్పెల్లింగే అడుగుతారు. బ్రెజిల్ చూసీ చూడనట్టు పోతుంది. ‘ట’ను క్షమించినవాళ్లు హెచ్‌ను తప్పుపట్టవచ్చా? పట్టవచ్చనే నా వాదన. ‘ట’ను వేల గొంతులు అరిచి అరిచి తెచ్చాయి, దాంతో పలుకే మారింది. హెచ్ కలం తెచ్చింది, చెవికి అందదు. ఇదీ వాడుకేగా అంటే కాదనలేను: 1984లో పుట్టిన ఫుట్‌బాల్ ఆటగాడు థియాగో సిల్వా దగ్గర్నుంచి, 2012లో పుట్టిన మెస్సీ పెద్దకొడుకు థియాగో దాకా ఆ హెచ్ గట్టిగానే పాతుకుంది. నాకు నిజంగా దిగులు వేసేది బోడి ఇయాగో గురించి. షేక్‌స్పియర్ ‘ఒథెల్లో’లో దుర్మార్గుడికి ఆ పేరు పెట్టాక, లోకంలో చాలాచోట్ల అది విలన్ పేరే అయిపోయింది. గలీసియాలో మాత్రం చావలేదు, బ్రెజిల్‌లో మళ్లీ చిగురించింది. ఇవాళ అక్కడి ఏదో ఒక తరగతిలో యాకోబు పేరు నుంచే దిగిన జకో, జైమి, ఇయాగో, థియాగో ఒకే బెంచీ మీద కూర్చుని ఉండొచ్చు. టీచరు హాజరు పిలిస్తే ఒకే పేరుకు నలుగురు నాలుగుసార్లు పలుకుతారు.