ట్రాక్టర్ ట్రక్కులో గాయపడితే ఆసుపత్రి కాగితాల్లో ఏం రాయించాలి?

మామిడి కోతలకు వెళ్తూ ట్రాక్టర్ ట్రక్కు బోల్తాపడి దెబ్బలు తగిలితే వెంటనే 108కు ఫోన్ చేయండి. ఆసుపత్రిలో "కింద పడ్డాను" అని ఊరుకోకండి. ట్రక్కులో కూర్చున్నారా, ట్రాక్టర్ నడుపుతున్నారా, పొలంలోనా, రోడ్డు మీదా అన్నీ చెప్పండి. ప్రపంచ ఆరోగ్య సంస్థ ఐసీడీ-10 పట్టికలో ట్రక్కులో కూర్చున్నవారికి పొలంలో అయితే వి84.6, రోడ్డుపై అయితే వి84.1 కోడ్ ఉంది. అమెరికా పట్టికలో తర్వాతి చికిత్సకు కోడ్ చివర 'డి' చేరుస్తారు. ఐసీడీ-10లో ఆ అక్షరం లేదు. అందుకే తిరుపతి రుయాకో, బర్డ్‌కో మళ్లీ వెళ్లినప్పుడల్లా డిశ్చార్జి సమ్మరీ, ఎక్స్‌రేలు తీసుకెళ్లి, ఇది ఫలానా తేదీ ప్రమాదంలో తగిలిన దెబ్బేనని ఓపీ చీటీలో రాయించుకోండి. మోటారు ప్రమాద పరిహారానికి దరఖాస్తు గడువు 6 నెలలే. ఎంఎల్‌సీ నంబరు, ఎఫ్‌ఐఆర్ నకలు, మందుల బిల్లులు ఒకేచోట భద్రపరచండి.