తత్వమూ, తాగే నీళ్ళూ

తత్వం అనే మాటకు యూనివర్సిటీలో ఒక అర్థం, పల్లెలో ఇంకో అర్థం. యూనివర్సిటీలో అది బ్రహ్మం, మాయ, ఆత్మ అంటూ సాగే పాఠం. పల్లెలో అది పాట. చావు జరిగిన ఇంటి ముందు, భజన కాడ, తంబుర పట్టుకొని తెల్లవార్లూ పాడుకునేది తత్వం. అక్షరం దక్కనివ్వని కులాలు తమ ఆలోచనను గొంతులో దాచుకున్నాయి. పండితులు ఆ గొంతును భక్తి ఖాతాలో రాసి చేతులు దులుపుకున్నారు. ఆలోచించేవాడు ఒకడు, పాడుకునేవాడు ఒకడు అనే ఈ విభజన కూడా కులం చేసిన పనే.

మహా తత్వవేత్తల జ్ఞానంలో రోజువారీ బతుక్కి అర్థం వెతుక్కోవాలని ఈ మధ్య చాలామంది చెబుతున్నారు. మంచిదే. అయితే ఎవరి రోజువారీ బతుకు? కోపం తగ్గడానికి, నిద్ర పట్టడానికి, మనశ్శాంతికి బుద్ధుణ్ణి చదువుకునే వాళ్ళున్నారు. తాగే నీళ్ళకు, నడిచే దారికి, పిలిచే పేరుకు కొట్లాడాల్సిన వాళ్ళ రోజు వేరుగా తెల్లవారుతుంది. ఆ బతుకు ముందు నిలబెట్టినప్పుడు ఏ తత్వం నిలుస్తుంది, ఏది కూలుతుంది అన్నదే మేం ఇక్కడ అడుగుతున్న ప్రశ్న. ఈ పరీక్ష పెట్టడం మాకు నేర్పినవాడు అంబేడ్కర్.

1936లో లాహోర్‌లోని జాత్ పాత్ తోడక్ మండల్ సభ కోసం ఆయన ఒక ప్రసంగం రాశాడు. నిర్వాహకులు ఆ సభనే రద్దు చేసుకుంటే దాన్ని తానే అచ్చు వేయించాడు. అదే 'కుల నిర్మూలన'. అందులో ఇద్దరు పాశ్చాత్య తత్వవేత్తలు కనిపిస్తారు. ఒకడు ప్లేటో. మనుషుల్ని స్వభావాన్ని బట్టి మూడు తరగతులుగా పంచవచ్చునన్నాడు ప్లేటో. ఏ మనిషినీ ఒక గంపలో పెట్టి మూత వెయ్యలేమని, చాతుర్వర్ణ్యంలోనూ ఉన్నది అదే లోపమని అంబేడ్కర్ తేల్చాడు. ఎంత గొప్పవాడైనా, వాడి మాట మనిషిని పుట్టుకతోనో పనితోనో మెట్టు మీద కూర్చోబెడితే ఆ మాటను పక్కన పెట్టాల్సిందే. రెండోవాడు జాన్ డ్యూయీ. 1913 నుంచి 1916 దాకా కొలంబియా విశ్వవిద్యాలయంలో చదివిన కాలంలో అంబేడ్కర్‌కు గురువు. ప్రజాస్వామ్యమంటే ప్రభుత్వ రూపం మాత్రమే కాదు, మనుషులు కలిసి బతికే తీరు, అనుభవాన్ని పంచుకునే తీరు అన్నది డ్యూయీ ఆలోచన. అమెరికా తరగతి గదిలో విన్న ఈ మాటను మన ఊరికి తెచ్చి చూడండి. ఊరు వేరు, వాడ వేరు. బావి వేరు, గ్లాసు వేరు, శ్మశానం వేరు. పంచుకునే అనుభవమే లేని చోట ఓటు ఒక్కటీ ప్రజాస్వామ్యాన్ని తేలేదని తెలుస్తుంది. డ్యూయీ మాటకు ఇక్కడ దొరికిన అర్థం అది.

ఆ అర్థం పుస్తకం కంటే ముందే చెరువు గట్టు మీద రాయబడింది. ప్రభుత్వ ఖర్చుతో నడిచే నీటి వనరుల్ని అంటరానివాళ్ళు వాడుకోవచ్చునని 1923లో బొంబాయి శాసనమండలి తీర్మానించింది. 1924లో మహద్ మునిసిపాలిటీ తన చౌదార్ చెరువును అందరికీ తెరిచామంది. అయినా ఎవరూ ఆ నీళ్ళు ముట్టనివ్వలేదు. 1927 మార్చి 20న అంబేడ్కర్ వెంట జనం ఊరేగింపుగా వెళ్ళి ఆ నీళ్ళు తాగారు. వాళ్ళను కొట్టారు. చెరువు మైలపడిందని పంచగవ్యంతో శుద్ధి చేశారు. పశువులు దిగితే మైలపడని చెరువు మనిషి దోసిలి పడితే మైలపడింది! అదే ఏడు డిసెంబర్ 25న మహద్‌లోనే మనుస్మృతిని తగలబెట్టారు. కోర్టు గొడవ పదేళ్ళు నడిచి, 1937లో బొంబాయి హైకోర్టులో అంటరానివాళ్ళ పక్షాన తేలింది. దోసెడు నీళ్ళకు పదేళ్ళు. సమానత్వం అనే మాట బరువెంతో కొలవాలంటే ఇంతకంటే కాటా లేదు.

మహద్ డిసెంబర్ సభలో అంబేడ్కర్ 1789 నాటి ఫ్రెంచి విప్లవ సభతో తమ సభను పోల్చాడు. 1954 అక్టోబర్ 3న ఆకాశవాణిలో మాట్లాడినప్పుడు మాత్రం స్వేచ్ఛ, సమానత్వం, సౌభ్రాతృత్వం అనే మూడు మాటల్ని తాను ఫ్రెంచి విప్లవం నుంచి అరువు తేలేదనీ, తన గురువు బుద్ధుడి బోధలోంచి తీసుకున్నాననీ చెప్పాడు. ఈ రెండు ప్రసంగాల నడుమ ఉన్న ఇరవయ్యేడేళ్ళను చరిత్రకారులు నిదానంగా చదవాలి. చట్టం చెరువును తెరవగలదు. పక్కవాడు నీళ్ళు తాగుతుంటే ఓర్చుకోగల మనసును చట్టం తయారుచెయ్యలేదు. ఆ లోటును పూడ్చే సౌభ్రాతృత్వాన్ని ఆయన బౌద్ధ మైత్రిలో వెతికాడు.

బుద్ధుడి దగ్గరా ఆయన వెతికింది ధ్యానం ఒక్కటే కాదు. వినయ పిటకంలో ఉపాలి కథ ఉంది. ఉపాలి శాక్య రాజకుమారుల మంగలి. కుమారులతో పాటు తానూ సంఘంలో చేరడానికి వచ్చాడు. ఉపాలికి ముందు దీక్ష ఇమ్మని, అప్పుడు తాము అతనికి మొక్కాల్సి వస్తుందని, తమ శాక్య గర్వం అణుగుతుందని కుమారులే అడిగారు. సంఘంలో పెద్దరికం పుట్టుకను బట్టి కాదు, దీక్ష తీసుకున్న వరసను బట్టి. అహంకారం వదలమని ఎవరైనా చెబుతారు. ఎవరు ఎవరికి తల వంచాలో వరస మార్చి చూపించడం వేరు. తత్వం రోజువారీ అయ్యేది అక్కడే. 'బుద్ధుడు – ఆయన ధమ్మం'లో అంబేడ్కర్ ఉపాలికి, పాకీపని చేసిన సునీతుడికి చోటిచ్చింది ఇందుకే.

ఈ బాట అంబేడ్కర్‌తో మొదలైంది కూడా కాదు. మద్రాసులో అయోతీదాస్ పండితుడు 1898లో శాక్య బౌద్ధ సంఘం పెట్టాడు. 1907లో 'ఒరు పైసా తమిళన్' పత్రిక మొదలుపెట్టాడు. పైసాకు దొరికే తత్వం! అదే ఏడు పోకల లక్ష్మీనరసు బౌద్ధసారం గురించి ఇంగ్లీషులో రాసిన పుస్తకం వచ్చింది. 1948లో దాన్ని మళ్ళీ అచ్చేసినప్పుడు ముందుమాట రాసింది అంబేడ్కరే. హైదరాబాద్‌లో భాగ్యరెడ్డివర్మ 1906లో జగన్మిత్ర మండలి పెట్టి, హరికథలు చెప్పించి, తాగుడు మీద, జోగిని ఆచారం మీద పోరాడాడు. బుద్ధ జయంతి జరిపాడు. 1917లో బెజవాడ సభకు అధ్యక్షత వహించాడు. పంచములనే పేరును తోసిపుచ్చి ఆది ఆంధ్రులమని చెప్పుకున్న సభ అది. పేరు మార్చుకోవడం చిన్న విషయమనుకుంటే పొరపాటు. నువ్వెవరివి అన్నదే కదా తత్వశాస్త్రం అడిగే మొదటి ప్రశ్న! బెజవాడలో దానికి జవాబు ఉపనిషత్తులోంచి రాలేదు, జనంలోంచి వచ్చింది.

మహద్ తర్వాత యాభై ఎనిమిదేళ్ళకు, అప్పటి ప్రకాశం జిల్లా కారంచేడులో మళ్ళీ నీళ్ళే. దళితులు తాగే చెరువు నీళ్ళను పాడుచెయ్యొద్దని అన్నందుకు, ఎదురు తిరిగి ఒక మాదిగ మహిళ బిందె ఎత్తినందుకు, 1985 జూలై 17న ఆరుగురు మాదిగల్ని చంపారు. ఆ తల్లి డ్యూయీని చదవలేదు. చదవాల్సిన పనీ లేదు. డ్యూయీ చెప్పిందాన్ని ఆమె బిందెతో చెప్పింది. ఆ ఏడే దళిత మహాసభ పుట్టింది. మా తరం పరిశోధకులకు అంబేడ్కర్‌ని చదవాల్సిన అవసరం పుట్టిందీ ఆ నెత్తుట్లోంచే.

హుస్సేన్‌సాగర్ నడుమ బుద్ధుడు 1992 నుంచి నిలబడి ఉన్నాడు. ఆ సాగరం ఒడ్డునే 2023లో నూట పాతిక అడుగుల అంబేడ్కర్ విగ్రహం లేచింది. విగ్రహాలు వద్దని మేం అనం. వెలివాడ జనానికి ఆ చూపుడువేలు ఎంత ధైర్యమో మాకు తెలుసు. కానీ రాజకీయాల్లో భక్తి పతనానికి దారి అని 1949 నవంబర్ 25న రాజ్యాంగ సభలో హెచ్చరించింది ఆయనే. దండ వేసిన చోట ప్రశ్న ఆగిపోతే తత్వవేత్త దేవుడవుతాడు, మనం మళ్ళీ భక్తులమవుతాం.

కాబట్టి మా ముందున్న పని రెండు వైపులది. పెద్ద పుస్తకాల్ని వాడకు తీసుకొచ్చి, నీళ్ళ కాడ, కూలి కాడ, పెళ్ళి ఊరేగింపు కాడ నిలబెట్టి అడగాలి. వాడలో పెద్దవాళ్ళు పాడే తత్వాల్ని రాసి పెట్టుకొని, వాటిని భక్తి ఖాతాలోంచి ఆలోచన ఖాతాకు మార్చాలి. రెండో పనికి ఎక్కువ గడువు లేదు. పాడేవాళ్ళు ఒక్కొక్కరే వెళ్ళిపోతున్నారు.