ఆంధ్ర గ్రంథాలయోద్యమం

పంతొమ్మిదో శతాబ్ది చివర మొదలై ఇరవయ్యో శతాబ్ది నడిమి వరకు, మద్రాసు రాష్ట్రంలోని తెలుగు జిల్లాల్లోనూ నిజాం రాజ్యంలోని తెలంగాణలోనూ ప్రజలు తమ పూనికతో, తమ డబ్బుతో పుస్తకశాలలు పెట్టుకొని నడుపుకొన్న ఉద్యమమే ఆంధ్ర గ్రంథాలయోద్యమం. ఊరివాళ్లకు పుస్తకాలూ పత్రికలూ అందించడం దాని పైకి కనిపించే పని. ఆ పని జరగాలంటే చందా కట్టి సభ్యులు కావాలి, ఏటా సర్వసభ్య సమావేశం జరపాలి, కార్యదర్శిని ఎన్నుకోవాలి, ఖర్చు లెక్కలు అందరి ముందు చదవాలి. చట్టసభల ఓటు ఆస్తి, పన్నుల అర్హత ఉన్న కొద్దిమందికే దక్కిన రోజుల్లో, ఊరి పెద్దరికంతో గానీ కులపంచాయితీతో గానీ సంబంధం లేని సంఘాన్ని నియమావళి ప్రకారం నడపడం ఎలాగో చాలామంది తెలుగువాళ్లు మొదట ఇక్కడే నేర్చుకొన్నారు. తెలుగునాట పౌర సమాజ చరిత్ర రాసేవారు ఈ ఉద్యమాన్ని దాటి వెళ్లలేరు.

తొలి పుస్తకశాలలు

రాజుల సరస్వతీ భండారాలు, మఠాల తాళపత్ర సేకరణలు తెలుగుదేశంలో ఎప్పటినుంచో ఉన్నాయి. అవి అందరివీ కావు. ఎవరైనా వచ్చి చదువుకోదగిన పుస్తకశాలల్లో తొలినాటిదిగా విశాఖపట్నంలో మంతెన ఆదినారాయణమూర్తి 1886లో స్థాపించిన సరస్వతీ నిలయాన్ని చెబుతారు. రాజమండ్రిలో కందుకూరి వీరేశలింగం సంస్కరణోద్యమం పట్టణంలోని చదువుకొన్నవారిని ఒకచోట చేర్చింది. అక్కడ సమాజాలు పెట్టుకోవడం, ఉపన్యాసాలు ఏర్పాటు చేసుకోవడం అప్పటికే అలవాటైంది. నేటి గౌతమీ గ్రంథాలయం వేళ్లు కూడా ఆ కాలపు రాజమండ్రిలోనే ఉన్నాయి.

హైదరాబాదులో పరిస్థితి వేరు. పాలన, న్యాయస్థానాల పని ఉర్దూలో సాగేవి. తెలుగు మాట్లాడే జనం ఎక్కువగా ఉన్నా తెలుగుకు ప్రభుత్వంలో చోటు లేదు. ఆ నేపథ్యంలో 1901 సెప్టెంబరు 1న కొమర్రాజు వెంకట లక్ష్మణరావు, రావిచెట్టు రంగారావు, మునగాల రాజా నాయని వెంకట రంగారావు మొదలైనవారు శ్రీకృష్ణదేవరాయ ఆంధ్ర భాషానిలయాన్ని రావిచెట్టు వారి ఇంట్లో ప్రారంభించారు. తర్వాత అది సుల్తాన్‌బజారులో సొంత భవనం కట్టుకొంది. దాన్ని చూసి 1904లో హనుమకొండలో రాజరాజ నరేంద్ర ఆంధ్ర భాషానిలయం, మరుసటి ఏడాది సికింద్రాబాదులో సంస్కృత కళావర్ధిని వెలిశాయి.

పుస్తకశాల పెట్టినా అందులో ఉంచడానికి తెలుగు పుస్తకాలేవి? పురాణాలు, ప్రబంధాలు, శతకాలు ఉన్నాయి. చరిత్ర, విజ్ఞాన శాస్త్రం, అర్థశాస్త్రం, లోక విషయాలు తెలుగులో చదవాలంటే దొరకడం కష్టం. ఆ కొరత తీర్చడానికే 1906లో విజ్ఞాన చంద్రికా మండలి పుట్టింది. దాని తొలి ప్రచురణ గాడిచర్ల హరిసర్వోత్తమరావు రాసిన అబ్రహాం లింకన్ జీవిత చరిత్ర. బానిసత్వాన్ని రద్దుచేసిన నాయకుడి కథతో మొదలుపెట్టడం ఆ మండలి దృష్టి ఎటు ఉందో చెప్పకనే చెబుతుంది. కర్నూలులో పుట్టిన గాడిచర్ల 1907లో రాజమండ్రి శిక్షణ కళాశాలలో వందేమాతరం ఉద్యమంలో పాల్గొని బహిష్కరణకు గురయ్యారు. మరుసటి ఏడాది స్వరాజ్య పత్రికలో రాతలకు జైలుకు వెళ్లారు. గ్రంథాలయోద్యమానికి తర్వాత పాతికేళ్లకు పైగా పెద్దదిక్కైనది ఆయనే.

బెజవాడ సభ, 1914

విడివిడిగా ఉన్న పుస్తకశాలలను ఒక్క తాటిపైకి తెచ్చిన ఘనత అయ్యంకి వెంకటరమణయ్యది (1890–1979). ఆయన, సూరి వెంకట నరసింహశాస్త్రి కలిసి పూనుకోగా 1914 ఏప్రిల్ 10న బెజవాడ రామమోహన ధర్మ పుస్తక భాండాగారం ఆధ్వర్యంలో గ్రంథాలయ ప్రతినిధుల తొలి సభ జరిగింది. అవే రోజుల్లో రెండో ఆంధ్ర మహాసభ కూడా ఆ ఊళ్లోనే జరగడంతో జిల్లాల నుంచి వచ్చిన వారు దీనికీ హాజరు కాగలిగారు. అధ్యక్షుడు చిలకమర్తి లక్ష్మీనరసింహం. చిన్ననాటి నుంచి చూపు సరిగా ఆనక, జీవితంలో ఎక్కువ భాగం ఇతరుల చేత చదివించుకొని, చెప్పి రాయించిన రచయిత పుస్తకశాలల సభకు అధ్యక్షత వహించడం ఎంతో సముచితం. చదువు రానివారికి ఒకరు చదివి వినిపించడమే ఆ తర్వాత ఉద్యమం చేపట్టిన ముఖ్యమైన పనుల్లో ఒకటైంది.

ఆ సభలో ఆంధ్రదేశ గ్రంథ భాండాగార సంఘం ఏర్పడింది. ఒక రాష్ట్రమంటూ ఇంకా ఏర్పడని జాతికి రాష్ట్రస్థాయి గ్రంథాలయ సంఘం అప్పుడే ఉండటం విశేషం. సంఘం పత్రికగా గ్రంథాలయ సర్వస్వం వెలువడింది. ఎక్కడ కొత్త పుస్తకశాల పెట్టారు, ఏ పుస్తకాలు కొనాలి, నియమావళి ఎలా రాసుకోవాలి, జాబితా ఎలా తయారుచేయాలి వంటి ఆచరణలోని సంగతులు పల్లెటూరి కార్యకర్తకు దాని ద్వారా అందేవి. 1920లో బెజవాడలో గ్రంథపాలకులకు శిక్షణ తరగతులు కూడా నడిపారు. 1919 నవంబరులో మద్రాసులో అఖిల భారత గ్రంథాలయ సభ జరగడం వెనుక ప్రధాన కృషి కూడా అయ్యంకిదే. భారత ప్రభుత్వం ఆయనకు 1972లో పద్మశ్రీ ఇచ్చింది.

అదే కాలంలో బరోడా సంస్థానంలో సయాజీరావు గైక్వాడ్ అమెరికా నుంచి విలియం బోర్డెన్‌ను రప్పించి 1910 నుంచి గొప్ప గ్రంథాలయ వ్యవస్థ నిర్మించారు. మద్రాసు సభకు అధ్యక్షత వహించిన కుడాల్కర్ ఆ వ్యవస్థకు చెందినవారే. బరోడాలో ఖజానా, రాజాజ్ఞ వెనుక ఉన్నాయి. ఆంధ్రలో ఆ రెండూ లేవు. అందువల్ల ఇక్కడి పుస్తకశాలలు చిన్నవి, పేదవి. కొన్ని పెట్టిన నాలుగేళ్లకే మూతపడ్డాయి. కానీ బతికినవన్నీ ఊరివాళ్ల ఇష్టంతో బతికాయి.

పల్లెలో పుస్తకశాల

మామూలుగా ఒక ఊళ్లో పుస్తకశాల మొదలయ్యేది ఎవరింటి అరుగు మీదో, రామమందిరం మూలనో, ఒక చెక్కబీరువాతోనే. చందా అణాల్లో ఉండేది. డబ్బు చేతిలో ఆడని రైతు నూర్పిళ్లప్పుడు కళ్లం దగ్గర ధాన్యం కొలిచి ఇచ్చేవాడు, పెళ్లిళ్లలో పుస్తకశాలకూ చదివింపులు ఉండేవి. సాయంత్రం దీపం పెట్టాక ఒకరు పత్రిక గట్టిగా చదువుతుంటే పొలం నుంచి వచ్చినవారు చుట్టూ కూర్చొని వినేవారు. భారతం, భాగవతం పురాణ కాలక్షేపానికి అలవాటుపడ్డ చెవులకు ఈ ఏర్పాటు కొత్తగా అనిపించలేదు. వినే విషయం మాత్రం మారింది: ధరలు, శాసనసభ, సత్యాగ్రహం, ప్రపంచ యుద్ధం. చాలాచోట్ల దీనికే రాత్రిబడి కూడా తోడైంది.

కార్యకర్తలు గ్రంథాలయ యాత్రల పేరిట బృందాలుగా ఊరూరా నడిచి వెళ్లి, సభలు జరిపి, పుస్తకశాల లేనిచోట పెట్టించి, మూతపడినదాన్ని తెరిపించేవారు. వీరిలో గుంటూరు జిల్లా పెదపాలేనికి చెందిన పాతూరి నాగభూషణం (1907–1987) పేరు విడిగా చెప్పుకోవాలి. కృష్ణా ఆనకట్ట తర్వాత తవ్విన కాలువలే ఆ ప్రాంతానికి దారులు. జనం ఊరి నుంచి ఊరికి పడవల మీద నెమ్మదిగా ప్రయాణించేవారు. ఆ తీరిక సమయాన్ని చదువుకు వాడవచ్చని ఆలోచించి, 1935 అక్టోబరులో పెదవడ్లపూడి, కొల్లిపర మధ్య తిరిగే పడవలో ఆయన గ్రంథాలయం ఏర్పాటు చేశారు. ప్రయాణికులు పడవలో కూర్చొని చదువుకొనేవారు, గట్టు వెంట ఊళ్ల వాళ్లు పడవ ఆగినచోట పుస్తకం మార్చుకొనేవారు. చేతిలో ఉన్న వనరుతో ఎదురుగా ఉన్న అవసరాన్ని తీర్చడం ఈ ఉద్యమం స్వభావం. దానికి ఇంతకంటే మంచి ఉదాహరణ దొరకదు.

బాపట్ల జిల్లా తీరాన ఉన్న వేటపాలెంలో 1918లో ఊటుకూరి వెంకట సుబ్బరాయ శ్రేష్ఠి ప్రభృతులు పెట్టిన చిన్న పుస్తకశాల సారస్వత నికేతనంగా ఎదిగింది. 1929లో దాని భవనానికి గాంధీ శంకుస్థాపన చేశారు. ఆయన చేతికర్ర ఇప్పటికీ అక్కడ భద్రంగా ఉంది. పరిశోధకులకు దానికన్నా విలువైనవి అక్కడి పాత తెలుగు పత్రికల సంపుటాలు. చదివి పారేయకుండా సంవత్సరాల వారీగా కట్టించి దాచిన ఓపిక వాటిని నిలిపింది.

అందరి పుస్తకశాలేనా

నియమావళిలో అందరికీ ప్రవేశం రాసుకొన్నా, అరుగు అగ్రహారంలోనో పెద్దకులాల వీధిలోనో ఉన్నప్పుడు దళితుడు ఆ మెట్టు ఎక్కగలిగాడా అన్నది అసలు ప్రశ్న. ఉద్యమ నాయకత్వం చాలావరకు అగ్రవర్ణాల చదువరులదే. కొందరు కార్యకర్తలు దళితవాడల్లో పుస్తకశాలలు, రాత్రిబళ్లు పెట్టారు గానీ అవి విడిగానే ఉండిపోయాయి. పౌర జీవితంలో సమాన స్థానం కోసం దళితులు తమ సంఘాలు తామే కట్టుకోవలసి వచ్చింది. హైదరాబాదులో భాగ్యరెడ్డివర్మ 1906లో జగన్మిత్ర మండలి స్థాపించి బడులు నడిపారు. ఆయన అధ్యక్షతన 1917లో అదే బెజవాడలో జరిగిన సభ, పంచములన్న పిలుపును తోసిపుచ్చి ఆది ఆంధ్రులన్న పేరు స్వీకరించింది. గ్రంథాలయోద్యమ చరిత్రలో ఈ సభ ప్రస్తావన సాధారణంగా ఉండదు. ఉండాలి. మూడేళ్ల ముందు పుస్తకశాలల సభ జరుపుకొన్న పట్టణంలోనే ఇంతమందికి వేరే సభ ఎందుకు అవసరమైందో అది చెబుతుంది.

స్త్రీల విషయంలోనూ అంతే. పఠన మందిరంలోకి వచ్చి కూర్చొనే వీలు తక్కువ కావడంతో చాలాచోట్ల పుస్తకాలు ఇళ్లకు పంపే పద్ధతి పెట్టారు. దానివల్ల చదివే స్త్రీల సంఖ్య పెరిగింది. కార్యవర్గంలో వారి చోటు మాత్రం పెరగలేదు.

తెలంగాణలో

నిజాం రాజ్యంలో పుస్తకశాల పెట్టడమంటే అధికారుల అనుమానాన్ని నెత్తికెత్తుకోవడమే. 1921 నవంబరులో హైదరాబాదులో జరిగిన ఒక సంఘసంస్కార సభలో ఆలంపల్లి వెంకటరామారావు తెలుగులో మాట్లాడబోతే కొందరు గేలి చేశారు. ఆ అవమానంతో కలత చెందిన కొద్దిమంది ఆ రాత్రే కూడి ఆంధ్ర జనసంఘం పెట్టుకొన్నారు. మాడపాటి హనుమంతరావు, బూర్గుల రామకృష్ణారావు వారిలో ఉన్నారు. గ్రంథాలయాలు, పఠన మందిరాలు స్థాపించడం, శాసనాలు, తాళపత్రాలు సేకరించడం సంఘం తొలి కార్యక్రమాలు.

రాజకీయమని పేరుపడకుండా ప్రజలను కూడగట్టడానికి ఇంతకంటే దారి లేదు. అయినా సంఘం పని పుస్తకాలతో ఆగలేదు. పర్యటనకు వచ్చిన అధికారులు ఊళ్లో కోమట్ల దగ్గర సరుకులు తాము చెప్పిన ధరకే తీసుకోవడం, చాకలి, మంగలి, దళిత కుటుంబాల చేత కూలి లేకుండా పని చేయించుకోవడం ఆ రోజుల్లో మామూలు. ప్రభుత్వ నిబంధనలు ఇందుకు ఒప్పుకోవన్న సంగతి ఊళ్లో ఎవరికీ తెలియదు, ఎందుకంటే అవి ఉర్దూలో ఉండేవి. వాటిని తెలుగులో చిన్న పుస్తకాలుగా అచ్చువేసి సంఘం పంచింది. వర్తకులు ధైర్యం చేసి సరైన ధర అడగడం అక్కడి నుంచే మొదలైంది. 1925లో మధిరలో, 1928లో సూర్యాపేటలో గ్రంథాలయ సభలు జరిగాయి. బహిరంగ సభకు ముందస్తు అనుమతి తప్పనిసరి చేసిన నిజాం ప్రభుత్వ ఉత్తర్వు గస్తీ నిషాన్ 53 ఈ కార్యకర్తలను పదేపదే అడ్డుకొంది. 1930లో జోగిపేటలో సురవరం ప్రతాపరెడ్డి అధ్యక్షతన తొలి నిజాం రాష్ట్ర ఆంధ్ర మహాసభ సమావేశమయ్యేనాటికి దానికి కావలసిన కార్యకర్తలను చాలావరకు ఈ పుస్తకశాలలే తయారుచేసి ఇచ్చాయి. ఆ తర్వాతి తరంలో వట్టికోట ఆళ్వారుస్వామి 1938లో దేశోద్ధారక గ్రంథమాల ప్రారంభించి, పుస్తకాలు మోసుకొంటూ ఊరూరా తిరిగి అమ్మారు.

చట్టం, పన్ను

1930 ఉప్పు సత్యాగ్రహ కాలంలో కోస్తా జిల్లాల్లో ఎందరో గ్రంథాలయ కార్యకర్తలు జైళ్లకు వెళ్లడంతో ఆంధ్రదేశ గ్రంథ భాండాగార సంఘం పని కుంటుపడింది. 1934లో గాడిచర్ల అధ్యక్షుడయ్యాక మళ్లీ కుదురుకొంది. 1960లో కన్నుమూసే వరకు ఆయనే అధ్యక్షులు. వయోజన విద్యను గ్రంథాలయంతో ముడిపెట్టింది ఆయనే. పుస్తకశాలలు దాతల మీద ఆధారపడినంత కాలం నిలకడ ఉండదని, వాటికి చట్టం అండ కావాలని సంఘం చాలాకాలంగా కోరుతూ వచ్చింది. ఎస్.ఆర్. రంగనాథన్ కృషితో 1948లో వచ్చిన మద్రాసు పౌర గ్రంథాలయ చట్టం స్వతంత్ర భారతంలో మొదటిది. హైదరాబాదు రాష్ట్రం 1955లో తన చట్టం చేసుకొంది. రెండింటి స్థానంలో 1960లో ఆంధ్రప్రదేశ్ పౌర గ్రంథాలయ చట్టం వచ్చి, జిల్లా గ్రంథాలయ సంస్థలు ఏర్పడ్డాయి. ఇంటిపన్నులో రూపాయికి 8 పైసల చొప్పున గ్రంథాలయ పన్ను వాటి ఆదాయం.

దీంతో పట్టణాల్లో, పెద్ద గ్రామాల్లో శాఖా గ్రంథాలయాలు, జీతమున్న గ్రంథపాలకులు, వేలాది పుస్తకాలు వచ్చాయి. ఇది ఉద్యమం కోరుకొన్నదే, సాధించినదే. అయితే సంస్థల అధ్యక్షులను ప్రభుత్వం నియమించే పద్ధతి స్థిరపడ్డాక చదువరికి పుస్తకం తీసుకొనే హక్కు మిగిలింది గానీ గ్రంథాలయం నడిపే బాధ్యత పోయింది. స్థానిక సంస్థలు పన్ను వసూలు చేసి గ్రంథాలయ సంస్థలకు చెల్లించకుండా బకాయి పడటం రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ ఏళ్ల తరబడి సాగుతున్న సమస్య. వెనకటి రోజుల్లో సర్వసభ్య సమావేశంలో లేచి లెక్క అడిగే సభ్యుడు ఇప్పుడు లేడు. అందుకే ఆ బకాయి ఎవరి కోపానికీ కారణం కావడం లేదు.

వాడకం మాత్రం తగ్గలేదు, తీరు మారింది. హైదరాబాదు చిక్కడపల్లి నగర కేంద్ర గ్రంథాలయంలోనూ జిల్లా కేంద్ర గ్రంథాలయాల్లోనూ పొద్దున్నే బల్లలు నింపేది ఉద్యోగ పరీక్షలకు చదివే యువతీ యువకులు. వారిలో పల్లెల నుంచి వచ్చినవారు, ఇంట్లో చదువుకొనే చోటు లేనివారు ఎక్కువ. ఊళ్లలో స్థిరపడిన యువజన సంఘాలు, విదేశాల్లో ఉన్న ఆ ఊరివారు కలిసి పాత పుస్తకశాలను బాగుచేయించడమో కొత్తది కట్టించడమో అక్కడక్కడ జరుగుతోంది. శ్రీకృష్ణదేవరాయ ఆంధ్ర భాషానిలయం 2001లో నూరేళ్లు పూర్తి చేసుకొని ఇంకా నడుస్తోంది. పాత తెలుగు పత్రికలను స్కాన్ చేసి అందరికీ అందుబాటులోకి తెచ్చే పని ఈ శతాబ్దంలో మొదలయ్యాక, అందుకు కావలసిన సంచికలను దాచి ఉంచినవి ఇటువంటి ప్రజా గ్రంథాలయాలేనని తేలింది.