గొంతు పోయిన కొండ

లోకం పుట్టకముందు పాట ఉండేదంటాడు టోల్కీన్. ఇలూవతార్ అనే ఏకైక దైవం రాగం ఎత్తిచ్చాడు, ఐనూర్లనే దివ్యశక్తులు అందుకుని పాడాయి, ఆ పాటే నేలై నీరై నిలిచింది. తన గొంతే పైన వినపడాలని మెల్కోర్ ఒక్కడు అపశ్రుతి పట్టించాడు. ఆ గానం ప్రతిధ్వని ఇప్పటికీ అన్నిటికంటే నీళ్లలోనే ఎక్కువ మిగిలి ఉందట. నూమెనోర్ కథ వినేవాళ్లు ఈ సంగతి గుర్తుంచుకోవాలి, ఎందుకంటే ఆ ద్వీపాన్ని చివరికి మింగింది ఆ నీళ్లే.

మెల్కోర్‌తో పోరాడిన మనుషులకు బహుమానంగా దక్కిన దీవి అది. దీవి మొత్తంలో ఒక్క గుడి లేదు. నడిమధ్యన మెనెల్‌టార్మ కొండ, దాని నెత్తిన కప్పులేని చదును, అంతే. ఏడాదికి మూడుసార్లు, వసంతం మొదట్లో, నడివేసవిలో, శరత్తు చివర, రాజు కాలినడకన ముందు నడిచేవాడు. వెనక తెల్లబట్టలు కట్టి పూలదండలు వేసుకున్న జనం. ఒక్కరూ పెదవి విప్పరు. శిఖరం మీద నోరు తెరిచే హక్కు రాజుదే. ఆయన ప్రార్థన పలుకుతుంటే పైన మూడు గద్దలు తిరిగేవి.

జాతి మొత్తానికి దేవుడి ముందు ఒక్కటే గొంతు! అందమైన ఏర్పాటే. కానీ ఆ గొంతు చెడితే?

చెడింది. వాళ్లకు ఆయుష్షు వందల ఏళ్లుండేది, అయినా చావంటే కడుపుమంట. పడమటి అమరభూమి వైపు ఓడ నడపకూడదన్న నిషేధం మీద ముందు సణిగారు, తర్వాత తిట్టారు. రాజులు కొండెక్కడం మానేశారు. అర్-గిమిల్‌జోర్ ఎల్ఫుల భాషనే నిషేధించాడు. అతని కొడుకు తార్-పలాంతీర్ పశ్చాత్తాపపడి మళ్లీ కొండెక్కాడు, ఎండిపోతున్న నిమ్లోత్ అనే తెల్లచెట్టుకు మళ్లీ సంరక్షణ చేయించాడు. రెండో యుగం 3255లో అతను పోయాక రాజ్యం ఒక్కగానొక్క కూతురు మీరియెల్‌ది కావాలి, చట్టం అదే. పినతండ్రి కొడుకు ఫరజోన్ ఆమెను బలవంతంగా పెళ్లాడి రాజదండం లాక్కున్నాడు. ఆమె పేరు కూడా మార్చేశాడు.

పతనానికి కారణం మెల్కోర్ అనుచరుడు సౌరాన్ అని అందరూ అంటారు. నా లెక్కలో అది ఈ పెళ్లితోనే మొదలైంది. కొండమీద పలకవలసిన గొంతు ఆనాడే అంతఃపురంలో మూగబోయింది.

సౌరాన్ వచ్చింది ఏడేళ్ల తర్వాత, బందీగా. కొన్నాళ్లకే రాజుకు గురువయ్యాడు. రాజధాని అర్మెనెలోస్‌లో మెల్కోర్‌కు గుడి లేచింది: అయిదువందల అడుగుల ఎత్తు, యాభై అడుగుల మందం గోడలు, పైన వెండి గుమ్మటం. మొదటి మంటకు కట్టెలు నిమ్లోత్‌వే. తర్వాత మనుషులు. చావు తప్పించమని అక్కడ నెత్తురు ధారపోసినకొద్దీ చావులు పెరిగాయి. వెండి గుమ్మటం పొగచూరి నల్లబడింది. కొండను మలినం చేయడానికి సౌరాన్‌కే ధైర్యం చాలలేదు, కానీ రాజు మాత్రం అక్కడ కాలుపెట్టినవాడికి మరణశిక్ష అన్నాడు.

3319లో ఫరజోన్ మహానౌకాదళంతో నిషిద్ధ తీరం మీద దిగాడు. భూమి రూపే మారింది, సముద్రం లేచింది. ద్వారక మునిగేవేళ జనాన్ని బయటికి నడిపించడానికి అర్జునుడైనా ఉన్నాడు. ఇక్కడ ముందే ఓడలెక్కి కాచుకుని ఉన్న, పాత భక్తి విడవని ఎలెండిల్ వాళ్ల తొమ్మిది ఓడలు తప్ప ఏమీ మిగల్లేదు. ఆ గడియలో మీరియెల్ మెనెల్‌టార్మ నిటారు దారి పట్టి పైకి పరుగెత్తింది. పలికే హక్కున్న ఒకే ఒక్క మనిషి ఆమె. నీళ్లు దారిలోనే అందుకున్నాయి, ఆమె కేక గాలి హోరులో కలిసిపోయింది.

పచ్చని నేల మీదికి లేచి వచ్చే మహాకెరటం టోల్కీన్‌ను కలలో వెంటాడేదట. ఆ కలను ఆయన తన పాత్ర ఫారమీర్‌కు ఇచ్చాడు. ఆ ఫారమీర్ మనుషులు భోజనానికి ముందు నూమెనోర్ ఉండిన పడమటికి తిరిగి నిలబడతారు. గట్టు చేరినప్పుడు ఎలెండిల్ అన్న మాటలు వేల ఏళ్ల తర్వాత అతని వారసుడు ఆరగోర్న్ పట్టాభిషేకంలో మళ్లీ వినిపించాయి. అవి బతికి దిగినవాడి మాటలు. కొండదారిలో ఆగిపోయినామె ఏం పలకబోయిందో ఏ వారసుడికీ అందలేదు.