పులికాట్ చరిత్రలో యానాదులు

పులికాట్ సరస్సుకు మన వైపు పాత పేరు ప్రళయకావేరి. మద్రాసు నగరానికి ఉత్తరాన మొదలై సూళ్లూరుపేట దాటి పైకి సాగే ఈ సరస్సు, ఉప్పునీళ్లూ మంచినీళ్లూ కలిసే సరస్సుల్లో చిలకా తర్వాత దేశంలోకెల్లా పెద్దది. పేరు చూస్తే భయం వేస్తుంది కానీ సగటు లోతు ఒక మీటరే. ఆ తక్కువ లోతే దాని సిరి. పొడుగు కాళ్ల ఫ్లెమింగో ముక్కు తలకిందులుగా ముంచి, బురదనీళ్లు వడగట్టుకుని నాచూ చిన్న పురుగులూ తింటుంది. లోతెక్కువైతే దానికి తిండి లేదు. మన ఆడవాళ్ల పనీ అంతే. మొలలోతు నీళ్లలో కూర్చుని చేతులతో బురద తడిమి రొయ్యను పట్టి, పళ్లతో కరిచి పట్టుకున్న తాటాకు బుట్టలో వేస్తారు.

పుస్తకాలు మాత్రం ఈ సరస్సు కథను డచ్చివాళ్లతో మొదలుపెడతాయి. 1613లో కట్టిన గెల్డ్రియా కోట, వాళ్ల సమాధులు, ఎగుమతైన అద్దకం బట్టలు. ఆ బట్టల ఎరుపు చిరివేరు నుంచి వచ్చేది. శ్రీహరికోట అడవిలో ఆ వేరు తవ్వినవాళ్లు యానాదులని తర్వాతి ఇంగ్లీషు రాతలే చెబుతున్నాయి. బట్టను మ్యూజియంలో పెట్టారు, వేరు తవ్విన చేతిని ఎవరూ అడగలేదు.

సరస్సుకూ సముద్రానికీ నడుమ గోడలా ఉన్న దీవి శ్రీహరికోట. 1835లో కంపెనీ ప్రభుత్వం దాన్ని తన చేతిలోకి తీసుకుంది. తేనె, కుంకుడుకాయలు, ముషిణి గింజలు, చిరివేరు మనవాళ్లు తెచ్చి ఇవ్వాలి, బదులుగా బియ్యం కొలుస్తారు. ఎడ్గార్ థర్‌స్టన్ 1909లో అచ్చువేసిన సంపుటాల్లో ఇదంతా ప్రభుత్వం చూపిన దయలా కనిపిస్తుంది. మాకైతే సొంత అడవిలో కూలి అయిన రోజుగా కనిపిస్తుంది. ఆ దీవి కట్టెలే బకింగ్‌హాం కాలువలో పడవలెక్కి మద్రాసు పొయ్యిలు వెలిగించాయి.

1969లో రాకెట్ కేంద్రానికి ఈ దీవిని ఎంచుకున్నారు. తూర్పున అంతా సముద్రమే, జనం తక్కువ, భూమి తిరిగే వేగం కలిసొస్తుంది. 1971 అక్టోబరులో మొదటి రాకెట్ లేచింది. ఆ 'తక్కువ జనం'లో యానాదులూ ఉన్నారు. ఊళ్లు ఖాళీ అయ్యాయి. బడిలో రాకెట్ పాఠం చెప్పే మాస్టార్లు ఈ ఒక్క వాక్యం కూడా కలిపితే చాలు.

1976లో ఆంధ్ర వైపు సరస్సు పక్షుల అభయారణ్యమైంది. పక్కనే నేలపట్టులో గూడబాతులు గూళ్లు పెడతాయి. అక్కడి రైతులు వాటి రెట్ట కలిసిన చెరువునీళ్లు పొలానికి బలమని వాటిని బిడ్డల్లా చూసుకుంటారు. పక్షిని కాపాడటానికి మనుషుల్ని తరమక్కర్లేదని ఆ ఊరే చూపించింది. 2001 నుంచి సూళ్లూరుపేటలో ఫ్లెమింగో పండుగా జరుగుతోంది. పండుగ మంచిదే, కానీ వేదిక మీద యానాది పెద్ద ఒకరు మాట్లాడితే ఇంకా మంచిది.

చేపల దగ్గరా అదే వరస. దక్షిణాన మత్స్యకారుల ఊళ్లు 'పాడు' పేరుతో వల వేసే చోట్లను వంతులవారీగా పంచుకుంటాయి. యానాదికీ ఇరులకూ ఆ వంతులో చోటు లేదు. చేత్తో ఏరుకోవడం మన ఇష్టం మాత్రమే కాదు, మనకు మిగిల్చిన పని కూడా.

ఇప్పుడు రాయదొరువు వంటి ముఖద్వారాలు ఇసుకతో పూడి, ఎండాకాలంలో ఉత్తర భాగం బీటలు వారుతోంది. సముద్రపు నీళ్లు లోపలికి రాకపోతే రొయ్యపిల్ల రాదు. రొయ్యకూ పక్షికీ మనకూ కరువు ఒకేసారి వస్తుంది.

2006 అటవీ హక్కుల చట్టం అభయారణ్యాలకూ వర్తిస్తుంది. చేపల మీద, నీటివనరుల మీద సముదాయపు హక్కు అందులో ఉంది. కాగితం లేనిచోట, హక్కు అడిగేవాళ్లు కాని పెద్దలు చెప్పిన మాటను రాసి పెట్టినా సాక్ష్యమే. కాబట్టి తమ్ముళ్లూ చెల్లెళ్లూ, ఈ సెలవుల్లో ఒక నోటుపుస్తకం తీసుకోండి. ఏ దిబ్బకు ఏ పేరు, ఏ నెలలో ఎక్కడ రొయ్య దొరికేది, ఏ ఊరు ఏ ఏడు లేచిపోయింది, అవ్వలను అడిగి రాయండి. చెప్పినవాళ్ల వేలిముద్ర, తేదీ మరవకండి.