పద్దెనిమిదేళ్ళ అమ్మాయి, పన్నెండు పాటలు

1962 చివర్లో పారిస్‌కి చెందిన వోగ్ రికార్డుల కంపెనీ ఒక ఎల్పీని బజారులోకి తెచ్చింది. అట్ట మీద గాయని పేరు తప్ప మరే పేరూ లేదు. ఆ పేరు ఫ్రాన్స్వాజ్ ఆర్డీ. అప్పటికి ఆమెకు పద్దెనిమిదేళ్ళు. ఉన్న పన్నెండు పాటల్లో పది ఆమె సొంతంగా రాసుకున్నవే. ఆల్బమ్‌కి పేరు పెట్టే పని కంపెనీ చెయ్యకపోతే జనమే చేశారు. అందులో అన్నిటికన్నా పేరు మోసిన పాట ‘తూ లే గార్సోఁ ఎ లే ఫీయ్’, అంటే ‘అబ్బాయిలూ అమ్మాయిలూ అందరూ’. అదే ఆల్బమ్ పేరుగా స్థిరపడిపోయింది.

అరవై ఏళ్ళు దాటినా ఆ రికార్డు కొత్త ముద్రణలు పొందుతూనే ఉంది. నడివయసు పాటల రచయితలు కుర్రకారు కోసం పాటలు రాసి, కుర్రకారు చేతే పాడించి అమ్ముకునే కాలంలో, ఒక అమ్మాయి తన మనసులోది తనే రాసుకుని, తనే బాణీ కట్టుకుని నెగ్గిన రికార్డు ఇది. పైగా కంపెనీ ఆశలు పెట్టుకున్న పాట ఒకటి, జనం నెత్తిన పెట్టుకున్న పాట మరొకటి. అలా ఎందుకు జరిగిందో తెలియాలంటే ఆ అమ్మాయి పెరిగిన ఇంటి నుంచి మొదలుపెట్టాలి.

చిన్న ఇల్లు, ఒక గిటారు

ఫ్రాన్స్వాజ్ 1944 జనవరి 17న, నగరం ఇంకా జర్మన్ సైన్యం చేతిలో ఉండగా పారిస్‌లో పుట్టింది. తల్లి ఉద్యోగం చేసుకుంటూ ఇద్దరు కూతుళ్ళని ఒంటిచేత్తో పెంచింది. తండ్రికి వేరే సంసారం ఉంది, ఎప్పుడో గానీ వచ్చేవాడు కాదు. తొమ్మిదో వార్డులో, ఓమాల్ వీధిలోని చిన్న ఫ్లాటులో తల్లీ కూతుళ్ళ కాపురం. చదువేమో సన్యాసినులు నడిపే కాథలిక్ బడిలో. తండ్రి ఇంట్లో ఉండడన్న మాట అలాంటి బడిలో పైకి చెప్పుకోదగ్గది కాదు. శని ఆదివారాల్లో అమ్మమ్మ ఇంటికి వెళితే, నువ్వు అందగత్తెవి కావని ఆవిడ మొహం మీదే అనేది. ఫ్యాషన్ పత్రికలు ఎగబడి ఫొటోలు తీసుకున్న రోజుల్లో కూడా ఆ మాట తనని వదల్లేదని ఆర్డీ పెద్దయ్యాక చెప్పుకుంది. సెలవులు వస్తే జర్మన్ నేర్చుకొమ్మని తల్లి ఆమెను ఆస్ట్రియాలోని ఇన్స్‌బ్రుక్ దగ్గరికి పంపేది. ఎక్కడున్నా నలుగురిలో కలవలేని పిల్ల ఆమె.

1960లో, పదహారేళ్ళకే, స్కూలు చదువు ముగించే బాకలోరెయా పరీక్ష పాసైంది. ఏం కావాలో కోరుకోమన్నాడు తండ్రి. ట్రాన్సిస్టర్ రేడియో అడగాలా, గిటారు అడగాలా అని ఊగిసలాడి చివరికి గిటారు అడిగింది. నేర్పే గురువు లేడు. నాలుగైదు కార్డులు, అంటే కలిపి మోగించే స్వరగుచ్ఛాలు, పట్టడం వచ్చేసరికి వాటి మీదే బాణీలు కట్టడం మొదలుపెట్టింది.

రేడియో మోజు మాత్రం తీరలేదు. సాయంత్రాలు రేడియో లక్సెంబర్గ్ ఇంగ్లీషు ప్రసారాలకి చెవి అప్పగించేది. పాల్ ఆంకా, ఎవర్లీ బ్రదర్స్, బ్రెండా లీ, క్లిఫ్ రిచర్డ్ లాంటి గాయకులు ఆమెకు పరిచయమైంది అక్కడే. ఫ్రాన్స్‌లో అప్పట్లో రేడియో ప్రసారం సర్కారు గుత్తాధిపత్యం. అందుకని ప్రైవేటు స్టేషన్లు సరిహద్దుల అవతల ట్రాన్స్‌మిటర్లు నిలబెట్టి ఫ్రాన్స్‌లోకి పాటలు పంపేవి. 1952లో ఆకాశవాణి సినిమా పాటల్ని పక్కన పెడితే మన శ్రోతలు రేడియో సిలోన్ పట్టుకుని తెలుగు పాటలు కూడా విన్నారు కదా, సరిగ్గా అలాంటి ఏర్పాటే. కుర్రకారుకి కావలసిన సంగీతం సొంత దేశపు సర్కారు రేడియోలో కన్నా బయటి నుంచే ఎక్కువ అందేది. 1959లో యూరప్ నంబర్ 1 స్టేషన్ ‘సాల్యూ లే కొపేఁ’ అనే కార్యక్రమం మొదలుపెట్టింది. అంటే ‘హలో నేస్తాలూ’ అని పలకరింపు. బడి విడిచే వేళకి వచ్చే ఆ కార్యక్రమం దేశంలోని పిల్లలందరినీ ఒక్క శ్రోతల గుంపుగా చేసింది. ఆర్డీ పాట వినబోయే జనం అలా ముందే తయారై కూర్చున్నారు.

గుమ్మాలెక్కి దిగడం

స్కూలయ్యాక సోర్బోన్ విశ్వవిద్యాలయంలో జర్మన్ చదువుకి చేరింది గానీ మనసంతా గిటారు మీదే. కొత్త గొంతులు కావాలన్న పత్రికా ప్రకటన చూసి పాతే మార్కోనీ రికార్డుల కంపెనీకి పరీక్షకి వెళ్ళింది. వాళ్ళు తీసుకోలేదు. కానీ అక్కడ టేపు మీద తన గొంతు తనే విన్నది. తాను భయపడినంత చెడ్డగా ఏమీ లేదే అని ధైర్యం వచ్చింది. ఆ ధైర్యమే ఆమెను వోగ్ గుమ్మం ఎక్కించింది.

వోగ్ వాళ్ళ అవసరం వేరు. 1960లో జానీ హాలిడేని రికార్డు మీదికి తెచ్చింది వాళ్ళే. ఫ్రెంచిలో రాక్ అండ్ రోల్ పాడి కుర్రకారుని వెర్రెత్తించిన ఆ గాయకుడు మరుసటి ఏడాదే ఫిలిప్స్ కంపెనీకి వెళ్ళిపోయాడు. ఆ నష్టం పూడ్చుకోవడానికి జానీకి దీటైన అమ్మాయి కోసం వోగ్ వెతుకుతోంది. వచ్చిన పిల్ల పొడుగ్గా, సన్నగా, బిడియంగా ఉంది. గొంతు మెత్తన, తాళం నిలకడ తక్కువ. కంపెనీలో సౌండ్ ఇంజనీరు ఆంద్రే బెర్నో ఆమెలో ఏదో ఉందని పట్టుకుని, ఓపిగ్గా లయ నేర్పించాడు. 1961 నవంబరు 14న ఒప్పందం మీద సంతకాలయ్యాయి. ఫ్రాన్స్‌లో అప్పట్లో మేజర్ అయ్యే వయసు 21 ఏళ్ళు కాబట్టి చట్టం లెక్కలో ఆమె ఇంకా మైనరే.

అదే సమయంలో గాయని మిరెయ్ నడిపే పాటల పాఠశాలలోనూ చేరింది. ‘పెతీ కోన్సెర్వత్వార్’ అనే ఆ పాఠశాల టీవీ కార్యక్రమంగా కూడా వచ్చేది. 1962 ఫిబ్రవరిలో ఆర్డీ మొదటిసారి టీవీలో కనిపించింది అందులోనే.

కంపెనీ లెక్క ఒకటి, జనం లెక్క ఒకటి

ఆ రోజుల్లో ఫ్రాన్స్‌లో కుర్రకారు ఎక్కువగా కొనేది ‘సూపర్ 45’. చిన్న రికార్డు, దాని మీద నాలుగు పాటలు, పైన ఫొటో అచ్చేసిన గట్టి అట్ట. ఆర్డీ మొదటి సూపర్ 45 వేసవిలో, 1962 జూన్‌లో వచ్చింది. అందులో కంపెనీ ముందుకి తోసిన పాట ‘ఓ ఓ షెరీ’. అది అమెరికన్ గాయకుడు బాబీ లీ ట్రామెల్ పాటకి ఫ్రెంచి రూపం. మాటలు కూర్చింది జానీ హాలిడేకి పాటలు రాసే జంట జిల్ ఎ జాన్. అంటే అరువు బాణీ, అలవాటైన చేతులు, అప్పటికే అమ్ముడుపోతున్న వరస. మిగతా మూడూ ఆ పిల్ల సొంత రాత. వాటిలో ఒకటి ‘తూ లే గార్సోఁ ఎ లే ఫీయ్’.

ఆ పాటని దగ్గరగా వింటే ఆర్భాటం ఎంత తక్కువో తెలుస్తుంది. అప్పటి అమెరికన్ ప్రేమపాటల్లో మళ్ళీ మళ్ళీ వినిపించే కార్డుల వరస, మూడేసి దెబ్బలుగా ఊగే నెమ్మది నడక, పక్కన రొజె సామిన్ బృందం వాయించే కొద్దిపాటి వాద్యాలు. గొంతులో గమకాలు లేవు, ఏడుపు లేదు, సాగదీత లేదు. తన ఈడు అబ్బాయిలూ అమ్మాయిలూ జంటలుగా చేతులు పట్టుకుని వీధిలో పోతుంటే తనొక్కతే నడుస్తున్నానని, తనని ప్రేమించేవాళ్ళు లేరని చెబుతుంది. చివరి చరణంలో తనకీ ఒకరోజు వస్తుందేమోనన్న ఆశ తలెత్తుతుంది. ఇంత నింపాదిగా చెప్పడం వల్లే అది గుచ్చుకుంటుంది. వినేవాళ్ళ జాలి కోసం ఆమె ఎక్కడా చెయ్యి చాపదు.

రేడియోలో పాట మెల్లగా పాకుతుండగా అక్టోబరు 28 వచ్చింది. దేశాధ్యక్షుణ్ణి ప్రజలే నేరుగా ఎన్నుకోవాలన్న అప్పటి అధ్యక్షుడు ద గాల్ ప్రతిపాదన మీద ఆ రోజు రెఫరెండం. ఫ్రాన్స్‌లో అప్పుడు ఉన్నది ఒకే ఒక్క టీవీ ఛానెల్. ఫలితాల కోసం జనం దాని ముందే కూర్చున్నారు. లెక్కింపు వార్తల మధ్య ఖాళీలో ఆర్డీ ఆ పాట పాడుతూ కనిపించింది. రెఫరెండంలో ద గాల్‌కి 62 శాతం ఓట్లు పడ్డాయి. ఆ అమ్మాయినేమో తాతల నుంచి మనవల దాకా ఒక్క రాత్రిలో అందరూ చూసేశారు. మర్నాటి నుంచి దుకాణాల్లో జనం అడిగింది ‘ఓ ఓ షెరీ’ని కాదు. ఆ ఒంటరి పిల్ల పాట లక్షల్లో అమ్ముడుపోయింది.

నా ఉద్దేశంలో ఈ కథకి కీలకం ఇక్కడే ఉంది. టీవీ ఆమె మొహాన్ని ఇంటింటికీ చేర్చిన మాట నిజమే, కానీ ఏ పాట కావాలో తేల్చుకున్నది శ్రోతలు. హుషారు పాటల మధ్య పెరుగుతున్న ఆ తరం పిల్లల్లో చాలామంది నిజానికి ఇంట్లో ఒంటరిగా రేడియో పెట్టుకు కూర్చునేవాళ్ళే. వాళ్ళ తరఫున మాట్లాడిన మొదటి గొంతు ఆమెది.

ఎల్పీగా కూడిన పాటలు

మూడు సూపర్ 45ల పాటలన్నీ కలిస్తే పన్నెండు. వాటినే ఎల్పీగా పేర్చింది వోగ్. కోరిన ప్రేమ చేజారడం, నచ్చిన కుర్రాడి పక్కన మరో అమ్మాయి కనిపించడం, స్నేహితుడి స్నేహితుడి మీద మనసు పడటం లాంటి చిన్నచిన్న సంగతులే ఆమె పాటలకి వస్తువులు. విడివిడిగా వింటే ఒక్కోటీ రెండు మూడు నిమిషాల పాట. వరసపెట్టి వింటే పద్దెనిమిదేళ్ళ పిల్ల దినచర్య పుస్తకం చదివినట్టుంటుంది.

ఆమె రాయని రెండో పాట ‘ల తాఁ ద లామూర్’. దాని పుట్టుక ఇంకో తమాషా. ఎల్ తోరో ఎ లే సిక్లోన్ అనే రాక్ బృందంలో గిటారు వాయించే జాక్ ద్యుత్రోఁ అనే కుర్రాడు ‘ఫోర్ షాబ్రోల్’ అని మాటల్లేని గిటారు బాణీ ఒకటి కట్టాడు. లూసియెఁ మోరిస్, ఆంద్రే సాల్వే దానికి మాటలు తొడిగారు. గిటారు మోతతో పరుగులు పెట్టే ఆ బాణీ మీద ఆర్డీ చల్లని గొంతు పడేసరికి పాట కొత్త రంగు తేలింది. ఆ కుర్రాడే కొన్నేళ్ళకి తనూ పెద్ద గాయకుడై, ఆర్డీకి జీవిత భాగస్వామి అయ్యాడు.

1963లో ఈ ఆల్బమ్‌కి షార్ల్ క్రో అకాడమీ వాళ్ళ గ్రాండ్ ప్రి వచ్చింది. ఫ్రెంచి రికార్డులకి దానికి మించిన గౌరవం లేదు. కాఫీ హోటళ్ళలో నాణెం వేస్తే పాటతో పాటు బొమ్మ కూడా చూపించే ‘స్కోపితోన్’ యంత్రాల కోసం క్లోద్ లెలూష్ అనే యువ దర్శకుడు ఆ పేరు మోసిన పాటని చిత్రీకరించాడు. అతనే తర్వాత ‘అన్ ఓమ్ ఎ యూన్ ఫామ్’ సినిమాతో ప్రపంచమంతా తెలిసిపోయాడు. రేడియో కార్యక్రమం పేరుతోనే వచ్చిన ‘సాల్యూ లే కొపేఁ’ పత్రిక ఫొటోగ్రాఫర్ జాఁ మారీ పెరియే ఆర్డీ రూపాన్ని ఫ్రాన్స్ కంటికి అలవాటు చేశాడు.

గెలుపు ఇంత ఘనంగా ఉన్నా, ఆ రికార్డింగులు తనకి నచ్చవని ఆర్డీ జీవితాంతం చెబుతూనే వచ్చింది. వాయించిన తీరు, శబ్దం నాణ్యత ఆమెకి ఎప్పుడూ తృప్తినివ్వలేదు. తర్వాత లండన్ స్టూడియోలకి వెళ్ళి పాడటానికి ఈ అసంతృప్తే పురికొల్పింది.

సరిహద్దులు దాటి

1963 మార్చిలో లండన్‌లో జరిగిన యూరోవిజన్ పాటల పోటీలో ఆమె మొనాకో తరఫున పాడి, మరొకరితో సమానంగా అయిదో స్థానంలో నిలిచింది. తన పాటల్ని ఇటాలియన్‌లో, జర్మన్‌లో, ఇంగ్లీషులో మళ్ళీ పాడింది. ఇన్స్‌బ్రుక్ సెలవులు అలా అక్కరకొచ్చాయి. 1964లో ‘తూ లే గార్సోఁ’ ఫ్రెంచి రూపంలోనే బ్రిటన్ అమ్మకాల పట్టికలో 36వ స్థానానికి ఎక్కింది. పరభాషా పాటలకి బ్రిటన్‌లో అది సులభంగా దొరికే చోటు కాదు. అదే ఏడాది అమెరికన్ గాయకుడు బాబ్ డిలన్ తన ఆల్బమ్ అట్ట వెనక ఆమె పేరుతో ఒక కవిత అచ్చేశాడు. 1965లో ఆమె మొదటి ఆల్బమ్ వేరే పేరుతో అమెరికాలో విడుదలైంది.

ఫ్రాన్స్‌లో ఈలోగా ‘యేయే’ అనే కుర్రకారు పాటల కెరటం ఉవ్వెత్తున లేచింది. 1963 జూన్ 22న పారిస్ నాసియోఁ కూడలిలో ‘సాల్యూ లే కొపేఁ’ పెట్టిన కచేరీకి లక్షకి పైగా పిల్లలు పోటెత్తితే పెద్దవాళ్ళు హడలిపోయారు. సిల్వీ వర్తాన్, షీలా, ఫ్రాన్స్ గాల్ లాంటి అమ్మాయిలెందరో వెలుగులోకి వచ్చారు. వాళ్ళ ప్రతిభకి వంక పెట్టలేం గానీ, వాళ్ళ పాటలు చాలావరకు మగవాళ్ళు రాసిపెట్టినవి. పదిహేడేళ్ళ ఫ్రాన్స్ గాల్‌ని 1965 యూరోవిజన్‌లో గెలిపించిన పాట రాసింది ముప్పై ఆరేళ్ళ సెర్జ్ గేన్స్‌బూర్. ఆ వరసలో పెట్టి చూస్తే, తన మాట తనే రాసుకున్న ఆర్డీ ఎందుకు వేరో అర్థమవుతుంది.

యేయే కెరటం కొన్నేళ్ళకే వెనక్కి పోయింది, ఆమె నిలబడింది. 1960ల చివర్లో కచేరీలు మానేసినా రికార్డులు మానలేదు. 1971లో ‘లా కెస్తియోఁ’, 1973లో ‘మెసాజ్ పెర్సొనెల్’, చివరికి 2018లో ‘పెర్సోన్ దోత్ర్’ దాకా ఆ రాత సాగింది. ఈ మధ్యలో 2012లో వెస్ ఆండర్సన్ ‘మూన్‌రైజ్ కింగ్‌డమ్’ సినిమా తీసి, ఇల్లు విడిచి పారిపోయిన ఇద్దరు పన్నెండేళ్ళ పిల్లల చేత సముద్రపు ఒడ్డున ‘ల తాఁ ద లామూర్’కి నాట్యం చేయించాడు. దానితో యాభై ఏళ్ళనాటి ఆల్బమ్ మరో తరం చేతికి వచ్చింది. 2024 జూన్ 11న, ఎనభయ్యేళ్ళ వయసులో, ఆర్డీ కన్నుమూసింది.

ఈ ఆల్బమ్‌ని ఇప్పుడు కొత్తగా వినేవాళ్ళకి నేను చెప్పేది ఒక్కటే. ముందు ‘ఓ ఓ షెరీ’ వినండి, వెంటనే ‘తూ లే గార్సోఁ ఎ లే ఫీయ్’ వినండి. రెండూ ఒకే రికార్డు మీద పుట్టాయి. గొంతూ ఒకటే. మొదటి పాట ఆనాటి బజారుకి ఏం కావాలో చెబుతుంది, రెండోది ఆ అమ్మాయికి ఏం కావాలో చెబుతుంది. ఫ్రెంచి రాకపోయినా ఆ తేడా చెవికి పట్టుబడుతుంది. ఫ్రాన్స్ శ్రోతలు 1962లో ఎందుకు రెండోదానికే ఓటు వేశారో ఎవరూ విడమర్చి చెప్పనక్కర్లేదు.