ఇప్పపువ్వు నానబెట్టడం

ఉమ్మడి ఆదిలాబాద్ జిల్లాలో గోండులు, కోలాములు వేసవిలో ఏరుకునే ఇప్పపువ్వును వంటకూ సారాకూ నానబెట్టి వాడే పద్ధతి. ఇప్పచెట్టు శాస్త్రీయ నామం మధుకా లాంగిఫోలియా. మార్చి, ఏప్రిల్ నెలల్లో తెల్లవారుజామున పూలు రాలుతాయి. నిజానికి రాలేది పువ్వంతా కాదు, రసం నిండిన లేత పసుపు దళవలయం మాత్రమే. అండాశయం కొమ్మకే ఉండిపోయి కాయవుతుంది, దాని గింజ నూనెకు పనికొస్తుంది. ఏరే ముందు చెట్టు కింద ఎండుటాకులు కాలుస్తారు. నేల శుభ్రపడుతుంది కానీ, నిప్పు అడవికి పాకితే లేత మొక్కలు పోతాయి, కాబట్టి ఊడ్చి ఏరడమే మేలు.

ఎండకు పువ్వు ముడుచుకుని ఎండుద్రాక్షలా గోధుమరంగుకు తిరుగుతుంది. లోపలి కేసరాలు దులిపి, కడిగి నానబెడితే మళ్లీ ఉబ్బుతుంది, నీళ్లు తియ్యగా అవుతాయి. కొద్దిసేపు నానినది ఉడికించి తినడానికి. రోజుల తరబడి కుండలో ఉంచితే ఈస్టు పువ్వులోని చక్కెరను ఆల్కహాలుగా మారుస్తుంది. నురగ లేచి ఘాటైన వాసన వస్తుంది. దాన్ని కాచి, ఆవిరిని చల్లార్చి పట్టినదే ఇప్పసారా. గోండుల దేవతారాధనలో దానికి ముఖ్యమైన చోటుంది. దాన్ని వట్టి మత్తుపానీయంగా చూడటం అన్యాయం.

అదే జిల్లాలోని ఉట్నూరులో ఆదివాసీ మహిళలు ఎండు పువ్వును నానబెట్టకుండానే వేయించి, బెల్లం, నువ్వులు, పల్లీలతో దంచి లడ్డూలు కడతారు. వీటిలో మత్తు ఉండదు.